మూడు నిమిషాల ప్లేటులో ద్వారం వారు

నాది నరసన్నపేట. నేను ప్రోగ్రెసివ్ మెటల్ వింటాను. ఈ రెండు మాటలూ కలిపి చెప్పగలిగేవాళ్లం మా ఊళ్లో నాకు తెలిసి ముగ్గురమే ఉన్నాం. ఓపెత్ వాళ్ల బ్లాక్‌వాటర్ పార్క్, టూల్ వాళ్ల ల్యాటరాలస్, డ్రీమ్ థియేటర్ వాళ్ల సీన్స్ ఫ్రమ్ ఎ మెమరీ, ఇవన్నీ నా దగ్గర ఫ్లాక్ ఫైళ్లుగా ఉన్నాయి. బ్లూటూత్ వాడను. వైరున్న ఇయర్‌ఫోన్స్, ఫోనుకి తగిలించే చిన్న డీఏసీ, రాత్రి పదకొండు దాటాక లైటు తీసేసి ఒక ఆల్బమ్ మొదటి నుంచి చివరిదాకా. అదీ మన పద్ధతి.

ఈసారి సంచికకి పాతతరం ప్రముఖుల్లో ఎవరో ఒకరి జీవితం రాయమని క్లబ్ వాళ్లు అడిగితే, నేను ఏ గిటారిస్టు మీదో రాస్తానని అందరూ ఫిక్సయిపోయారు. నేను రాస్తున్నది మాత్రం ద్వారం వెంకటస్వామి నాయుడు గారి గురించి. ఫిడేలు నాయుడు గారంటే మన ఉత్తరాంధ్రలో పెద్దవాళ్లు వెంటనే గుర్తుపడతారు. ఆయనకీ మెటల్ ఆల్బమ్‌లకీ సంబంధం ఏటని అడగొచ్చు. ఉంది, కానీ అది తెలియాలంటే ముందు హై-రెజల్యూషన్ ఆడియో గురించి రెండు ముక్కలు చెప్పుకోవాలి.

సీడీలో శబ్దాన్ని సెకనుకి 44,100 సార్లు కొలిచి, ఒక్కో కొలతని 16 బిట్లలో రాస్తారు. హై-రెజ్‌లో అదే పని సెకనుకి 96,000 లేదా 1,92,000 సార్లు, 24 బిట్లలో జరుగుతుంది. శాంప్లింగ్ రేటులో సగం దాకా ఉన్న ఫ్రీక్వెన్సీలే ఫైల్లో పడతాయని నైక్విస్ట్ పేరుతో మనం పరీక్షల్లో రాసిందే. అంటే సీడీలో 22 కిలోహెర్ట్జ్ దాకా, 96 వేల ఫైల్లో 48 కిలోహెర్ట్జ్ దాకా చోటుంటుంది. మనిషి చెవికి పడుచుతనంలో అందేది 20 దాకా. 24 బిట్ల వల్ల వచ్చే లాభం వేరే. బాగా చిన్న శబ్దానికీ బాగా పెద్ద శబ్దానికీ మధ్య దూరం 16 బిట్లలో సుమారు 96 డెసిబెల్స్ అయితే, 24 బిట్లలో లెక్క ప్రకారం 144. స్టూడియోలో ఏం జరిగిందో అంతా మన చెవి దాకా వస్తుందనేది హై-రెజ్ ఇచ్చే మాట.

నాయుడు గారి విషయంలో ఆ మాట ఇచ్చేవాళ్లెవరూ లేరు. ఆయన 1964లో పోయారు. మనకి మిగిలింది కొన్ని 78 ఆర్‌పీఎం గ్రామఫోను ప్లేట్లు, కొన్ని రేడియో టేపులు. ఒక ప్లేటుకి ఒక వైపు మూడు నిమిషాల చిల్లర. పైన సూది గీసిన చప్పుడు. అలాంటి ఒక ప్లేటుని ఎవరో 96 కిలోహెర్ట్జ్, 24 బిట్లలో ఎక్కించిన ఫైలు ఒక సీనియర్ ద్వారా నాకు చేరింది. నా డీఏసీలో వెలిగే నంబరు అదే 96. ల్యాటరాలస్‌కీ దీనికీ అది ఒకటే వెలుతురు. ఒక మనిషి వాయించింది మన దాకా చేరిందని ఎప్పుడు అనుకోవాలి, నంబరు చూసా, ఇంకేదైనా చూసా? ఈ ప్రశ్నకి జవాబు వెతుకుతూనే ఆయన జీవితం చదివాను.

ఆయన పుట్టింది 1893 నవంబరు 8న, దీపావళి నాడు, బెంగుళూరులో. తండ్రి వెంకటరాయుడు గారు సైన్యంలో పనిచేశారు. పెరిగింది విశాఖపట్నంలో. చిన్నప్పటి నుంచే చూపు బాగా తక్కువ. బడి చదువుకి అదే అడ్డయింది. ఫొటోల్లో మనకి కనిపించే నల్ల కళ్లద్దాలు స్టైలు కోసం పెట్టుకున్నవి కావు. పుస్తకం మూసుకుపోయిన పిల్లాడికి ఇంట్లో ఇంకొకటి తెరుచుకుంది. అన్న వెంకటకృష్ణయ్య గారు ఫిడేలు వాయించేవారు. తమ్ముడికి ఆయనే గురువు.

ఇక్కడ ఫిడేలు గురించి ఒక మాట. అది మన వాద్యం కాదు. సుమారు రెండువందల ఏళ్ల కిందట ముత్తుస్వామి దీక్షితుల తమ్ముడు బాలుస్వామి దీక్షితులు యూరోపియన్ల దగ్గర నేర్చుకుని కర్ణాటక సంగీతంలోకి తెచ్చారు. మనవాళ్లు దాన్ని అలాగే ఉంచలేదు. నిలబడి గడ్డం కింద పెట్టుకునేదాన్ని కింద కూర్చుని, తల భాగాన్ని కుడి పాదం మీద ఆనించి వాయించడం మొదలెట్టారు. తీగల్ని స ప స ప వరసలో శ్రుతి చేశారు. గిటారు వాయించే మనోళ్లకి అర్థమయ్యేలా చెప్పాలంటే, ఫిడేలుకి ఫ్రెట్లు ఉండవు. వేలు ఒక మిల్లీమీటరు జరిగితే స్వరం జరిగిపోతుంది. కంటికి దారి చూపించే గీత ఏదీ ఉండదు. తప్పు చెప్పేది చెవి ఒక్కటే. చూపు తక్కువైన కుర్రాడి చేతిలో ఈ వాద్యం పడటం గురించి నేను చాలాసార్లు ఆలోచించాను. మిగతా ప్రపంచం ఆయన్ని వెనక్కి నెట్టిన చోట, ఫిడేలు మాత్రం ఆయన దగ్గరున్న దాన్నే అడిగింది.

1919లో విజయనగరంలో పూసపాటి విజయరామ గజపతిరాజు గారు సంగీత కళాశాల పెట్టారు. మొదటి ప్రిన్సిపాల్ హరికథా పితామహుడు ఆదిభట్ల నారాయణదాసు గారు. వెంకటస్వామి నాయుడు గారు విద్యార్థిగా చేరదామని వెళ్లారని, దాసు గారు ఆయన వాయిద్యం విని విద్యార్థి సీటు బదులు ఉద్యోగమే ఇచ్చారని ఇప్పటికీ చెప్పుకుంటారు. కథ సంగతి ఎలా ఉన్నా, 26వ ఏట ఆయన ఆ కళాశాలలో ఫిడేలు ఆచార్యులయ్యారు. 1936లో దాసు గారి తర్వాత ప్రిన్సిపాల్ అయ్యారు. ఘంటసాల గారు, సుశీల గారు చదువుకున్న కళాశాల అదే. మా ఊరి వాళ్లం తిలారు స్టేషన్లో పాసింజరెక్కితే ఆమదాలవలస, పొందూరు, చీపురుపల్లి దాటుకుని దిగే విజయనగరం, ఆ రోజుల్లో దక్షిణాది సంగీతానికి ఉత్తరపు కొస. తంజావూరికి, మద్రాసుకి అంత దూరంలో ఉండి కూడా అక్కడివాళ్లు పిలిచి కూర్చోబెట్టుకునే స్థాయికి ఒక మనిషి ఎదగడం మామూలు సంగతి కాదు.

ఎలా ఎదిగారు? ఆయన గొప్పంతా నాదంలో ఉందంటారు తెలిసినవాళ్లు. నాదం అంటే ఏంటో మన భాషలో చూద్దాం. కమాను తీగ మీద నడిచేటప్పుడు తీగని పట్టుకుంటుంది, లాగుతుంది, వదిలేస్తుంది. ఇది సెకనుకి కొన్ని వందలసార్లు జరుగుతుంది. 19వ శతాబ్దంలో హెల్మ్‌హోల్ట్జ్ ఈ కదలికని పరిశీలించి వివరించాడు. కమాను మీద ఒత్తిడి తక్కువైతే తీగ సరిగ్గా పట్టు దొరక్క ఈల లాంటి పలచటి ధ్వని వస్తుంది. ఎక్కువైతే కరకరమంటుంది. కమాను వేగం, ఒత్తిడి, బ్రిడ్జికి ఎంత దూరంలో నడుస్తోంది, ఈ మూడూ కుదిరిన సన్నటి దారిలోనే గుండ్రని నాదం ఉంటుంది. స్వరం మారిన ప్రతిసారీ ఆ దారి కూడా కొంచెం జరుగుతుంది. నాయుడు గారు పాశ్చాత్య వాదకులు కమాను వాడే తీరుని శ్రద్ధగా గమనించి, పొడవైన కమానుని మన గమకాలకి లొంగదీసుకున్నారు. బయటి పద్ధతి తెచ్చుకున్నారు కానీ బాణీ మాత్రం మనదే. వింటే ఎవరో గొంతు విప్పి పాడుతున్నట్టే ఉంటుంది.

తంబూరా విశిష్టత మీద కూడా ఆయన రాశారు. మనం బ్యాక్‌గ్రౌండ్‌లో మోగే జుంయ్ అనుకునే తంబూరాలో అసలు విషయం చాలా ఉంది. బ్రిడ్జి మీద తీగ కింద చిన్న దారం ముక్క పెడతారు. దాన్ని జీవా అంటారు. అది సరిగ్గా చోటులో పడితే ఒక్క తీగ మీటినా దాని పైస్థాయి హార్మోనిక్స్ అన్నీ పొరలు పొరలుగా విచ్చుకుంటాయి. ఏడ్చే పిల్లాడికి తల్లి గొంతులా, పాడేవాడికి అది ఆనుకునే గోడ. ఒక కచేరీ కళాకారుడు పక్కన మోగే శ్రుతి వాద్యం మీద ఇంత శ్రద్ధ పెట్టాడంటే, ఆయన చెవి ఎక్కడుండేదో మనకి తెలుస్తుంది.

ఆ రోజుల్లో ఫిడేలు ఎక్కువగా పక్కవాద్యం. గాయకుడు పాడింది వెంటనే పట్టుకుని తిరిగి వాయించాలి. ఏం పాడబోతున్నారో ముందు తెలీదు. రాగం తానం పల్లవి అంటే మన మెటల్ వాళ్లు ఎగిరి గంతేసే వ్యవహారం. ముందు తాళం లేకుండా రాగం, తర్వాత లయతో నడిచే తానం, ఆపైన ఒకే ఒక్క పల్లవి లైనుని పట్టుకుని దాన్ని రెట్టింపు వేగంలో, సగం వేగంలో, మూడుల నడకలో, ఐదుల నడకలో తిప్పడం. మెషుగా పాటలో డ్రమ్మర్ చేతులు ఒక లెక్కలో, కాళ్లు ఇంకో లెక్కలో వెళ్లి ఎక్కడో కలిసినప్పుడు మనం కుర్చీలోంచి లేస్తాం కదా, అచ్చం అలాంటి కలయిక ఇక్కడ కాగితం లేకుండా, రిహార్సల్ లేకుండా జరుగుతుంది. పక్కవాద్యం వాయించేవాడు దాన్ని వింటూ వింటూనే పట్టుకోవాలి. పెద్ద పెద్ద గాయకుల పక్కన నాయుడు గారు అలా ఏళ్లతరబడి కూర్చున్నారు. తర్వాత ఫిడేలుని పక్క నుంచి మధ్యకి జరిపారు. 1938లో వెల్లూరులో ఆయన చేసిన సోలో కచేరీని కర్ణాటక సంగీతంలో మొదటి ఫిడేలు సోలోగా చెప్తారు. 1941లో మద్రాసు మ్యూజిక్ అకాడమీ సంగీత కళానిధి ఇచ్చింది.

1952 ఆయన జీవితంలో నాకు ఇష్టమైన ఏడాది. ఆ ఏడాది నెహ్రూ గారి ఆహ్వానం మీద యెహుదీ మెనూహిన్ భారతదేశం వచ్చారు. మద్రాసులో నాయుడు గారి వాయిద్యం విని ముగ్ధుడయ్యారు. గడ్డం కింద ఫిడేలు పెట్టుకునే ప్రపంచంలో మొదటి వరసలోని మనిషి, పాదం మీద పెట్టుకునే ప్రపంచంలోని మనిషి ముందు కూర్చుని విన్నాడన్నమాట. అదే ఏడాది నాయుడు గారు ఢిల్లీలో అంధుల సహాయ నిధి కోసం ఒక కచేరీ చేశారు. అది జరిగిన హాలు నేషనల్ ఫిజికల్ లేబొరేటరీ ఆడిటోరియం. దేశానికి మీటరెంతో కిలో ఎంతో ప్రమాణాలు కాపాడే సంస్థ అది. ఏ స్కేలూ లేకుండా స్వరం కొలిచే మనిషి, చూపు లేనివాళ్ల కోసం అక్కడ వాయించారు. 1953లో సంగీత నాటక అకాడమీ అవార్డు, 1957లో పద్మశ్రీ. 1964 నవంబరు 25న కన్నుమూశారు.

ఇప్పుడు మళ్లీ నా ఫైలు దగ్గరికి వద్దాం. అరిగిన 78 ప్లేటులో 5, 6 కిలోహెర్ట్జ్ దాటాక మిగిలేది ఎక్కువగా చప్పుడే. మూడు నిమిషాల మోనో శబ్దాన్ని 96 వేలు, 24 బిట్లలో పెడితే సుమారు 52 మెగాబైట్లు అవుతుంది. 48 కిలోహెర్ట్జ్ దాకా చోటున్న పెట్టెలో సంగీతం మొదటి పదోవంతులోనే కూర్చుంది. మరి అంత పెద్ద పెట్టె దండగ కదా అనిపిస్తుంది. దండగ కాదు. ప్లేటు మీద గీతల వల్ల వచ్చే టిక్కు టిక్కులు చాలా పొట్టివి, చాలా ఎత్తు ఫ్రీక్వెన్సీల దాకా వెళ్తాయి. ఎక్కువ రేటులో ఎక్కిస్తే టిక్కు ఏదో, ఫిడేలు ఏదో సాఫ్ట్‌వేర్‌కి విడివిడిగా తెలుస్తుంది. అందుకే సౌండ్ ఆర్కైవుల అంతర్జాతీయ సంఘం పాత రికార్డులకి కూడా 24 బిట్లు, వీలైతే 96 కిలోహెర్ట్జ్ వాడమంటుంది.

కానీ అక్కడే ప్రమాదం కూడా ఉంది. చప్పుడు తీసేసే ఫిల్టర్ గట్టిగా పెడితే కమాను వెంట్రుకలు తీగని తాకే సన్నటి ఊపిరి కూడా పోతుంది. ఫిడేలు ప్లాస్టిక్ బొమ్మలా నున్నగా తయారవుతుంది. ఇంకోటి, వేగం. 78 అని పేరే గానీ పాత ప్లేట్లన్నీ కచ్చితంగా ఆ వేగంతో రికార్డయినవి కావు. 80తో రికార్డయిన ప్లేటుని 78తో తిప్పితే శ్రుతి దాదాపు అర సెమిటోను దిగిపోతుంది. శ్రుతి శుద్ధికి పేరుపడ్డ మనిషి వాయిద్యం మనకి తప్పుడు శ్రుతిలో చేరుతుంది. ఆ తప్పుని ఏ 192 కిలోహెర్ట్జూ దిద్దలేదు. దాన్ని పట్టుకోవడానికి ఒక చెవి కావాలి.

నేనొక ప్రయోగం చేశాను, మీరూ చేయొచ్చు. ఆడాసిటీలో ల్యాటరాలస్ టైటిల్ పాట తెరిచి, 5 కిలోహెర్ట్జ్ దగ్గర లో-పాస్ ఫిల్టర్ పెట్టండి. సింబల్స్ దాదాపు మాయం. డ్రమ్ము పుల్ల తగిలే పదును పోతుంది. గిటార్ రిఫ్ మాత్రం చాలావరకు అలాగే నిలబడుతుంది, ఎందుకంటే గిటార్ ఆంప్‌లో వాడే స్పీకర్లే 5 కిలోహెర్ట్జ్ దాటాక బాగా తగ్గిపోతాయి. ఇప్పుడు అదే ఫిల్టర్ నాయుడు గారి ఫైలుకి పెట్టండి. ఆశ్చర్యంగా, చప్పుడు తగ్గింది గానీ ఆయన తగ్గలేదు. ఫిడేలు స్వరాల మూల ఫ్రీక్వెన్సీలు చాలావరకు రెండు కిలోహెర్ట్జ్ లోపలే ఉంటాయి. గమకం అంటే ఆ స్వరం సెకనుకి కొన్నిసార్లు కిందకీ పైకీ ఊగడం. ఆ ఊపు నెమ్మదైనది, పెద్దది. ఇరుకు దారిలోంచి కూడా చెక్కుచెదరకుండా వచ్చేస్తుంది. పోయినవి రెండు. కమాను ఊపిరి, తంబూరా మెరుపు. ఆయన అంత ప్రేమగా పట్టించుకున్న తంబూరా, పాపం, ఆయన ప్లేట్లలోనే అన్నిటికంటే ఎక్కువ నష్టపోయింది. ఇది నాకు బాధనిపించిన సంగతి. ఆ లోటు పూడ్చే ఫార్మాట్ రాదు. అప్పుడు మైకు పట్టనిది ఇప్పుడు ఎక్కడి నుంచి తెస్తాం?

మా తాతయ్యకి డెబ్బై దాటాయి. ఆ వయసులో చెవికి ఎత్తు ఫ్రీక్వెన్సీలు అందవు. నా ఇయర్‌ఫోన్స్‌లో టూల్ పెడితే రేకుల షెడ్డు మీద వానలా ఉందిరా అని తీసి ఇచ్చేశాడు. నాయుడు గారి ప్లేటు మాత్రం ఫోన్ స్పీకర్లో వింటూనే, ఫిడేలు కంటే అర క్షణం ముందు తర్వాతి సంగతి కూనిరాగం తీశాడు. కృతి పేరు గుర్తు రాలేదట, కానీ దారి గుర్తుంది. ఆయన నేర్చుకోలేదు, విన్నాడంతే. విశాఖపట్నంలో ఆలిండియా రేడియో కేంద్రం 1963లో వచ్చింది. అప్పటికి విజయవాడ కేంద్రం వచ్చి పదిహేనేళ్లు. పక్కింటి మీడియం వేవ్ రేడియోలో పొద్దున్నే వచ్చే సంగీతం ఆయన బడి. మీడియం వేవ్‌లో దాటి వచ్చే శబ్దం కూడా సుమారు 5 కిలోహెర్ట్జ్ లోపలే. అంటే మా తాతయ్య చెవి చదువుకున్నదే ఆ ఇరుకు బడిలో. నాకు 20 కిలోహెర్ట్జ్ దాకా వినే చెవి ఉంది, 48 దాకా పలికే ఫైలుంది. ఆ ప్లేటులో తర్వాత ఏం వస్తుందో మాత్రం ఆయనకే తెలుసు.

నేను హై-రెజ్ వినడం మానను. ఓపెత్ పాటలో గట్టి భాగం ఆగిపోయి ఒంటరి అకూస్టిక్ గిటార్ మొదలయ్యేటప్పుడు ఆ గదిలోని నిశ్శబ్దం వినిపించడం నాకు చాలా ఇష్టం. కానీ ఇప్పుడు వారానికి ఒక రాత్రి ఆ మూడు నిమిషాల ప్లేటుకి ఇస్తున్నాను. మొదటి రెండుసార్లు గీతల చప్పుడే వినిపించింది. ఐదోసారికి అది వానలా వెనక్కి వెళ్లింది. పదోసారికి ఒక స్వరం నుంచి ఇంకో స్వరానికి ఆయన ఎలా జారుతున్నారో తెలిసింది. ఇరవయ్యోసారి తర్వాతి సంగతి నేనూ ముందే కూనిరాగం తీశాను, శ్రుతి మాత్రం తాతయ్యదే మెరుగు.

వినాలనుకుంటే ఆయన కుమార్తె మంగతాయారు గారి వాయిద్యం కూడా దొరుకుతుంది, మెరుగైన రికార్డింగుల్లో. తండ్రి బాణీ కాస్త స్పష్టంగా వినడానికి అదొక దారి. విశాఖలో ఆయన పేరుతో కళాక్షేత్రం ఉంది, బీచ్ రోడ్డులో విగ్రహం ఉంది. మనం సెల్ఫీలు దిగి వచ్చేసే రోడ్డే. విజయనగరంలో కళాశాల ఇంకా నడుస్తోంది. ఆ నాదం అక్కడ, మైకు లేకుండా, ఏ బిట్ రేటూ లేకుండా, చిన్న పిల్లల చేతుల్లో ఇంకా తప్పులతడకగా మొదలవుతూనే ఉంటుంది. సెలవులకి ఇళ్లకి వెళ్లే మన ఉత్తరాంధ్ర బ్యాచ్‌లో ఎవరైనా వస్తానంటే ఈసారి విజయనగరంలో దిగుదాం. ఇయర్‌ఫోన్స్ అక్కర్లేదు.